తాటికల్లు, పలాస జీడిపప్పు: ఒక సాయంకాలపు విందు

జపాన్‌లో స్థానిక మార్గదర్శి వెంట వెళ్లే యాత్రికులు 'ఇజకాయ' అనే చిన్న పానశాలల్లో, బియ్యానికి 'కోజి' అనే బూజు పట్టించి పులియబెట్టిన సాకేను చిరుతిళ్లతో రుచి చూస్తారు. అటువంటి సాయంత్రానికి కావలసినదంతా శ్రీకాకుళం జిల్లాలోనూ ఉంది. తాటి గెల చివర చెక్కి కట్టిన కుండలోకి బొట్టుబొట్టుగా దిగే తీపి రసం, సహజమైన ఈస్టు వల్ల గంటల్లోనే పులిసి నురగ కట్టి కల్లవుతుంది. కుండ లోపల సున్నం పూస్తే పులియక నీరాగా నిలుస్తుంది. ఈ తేడాను గీత కార్మికుడి కంటే బాగా చెప్పగల మార్గదర్శి లేడు.

కల్లు పక్కన పెట్టదగినది పలాస జీడిపప్పు. గింజ పెంకులోని నూనె చర్మాన్ని కాల్చేంత ఘాటైనది కనుక, గింజలను ముందుగా కాల్చి లేదా ఆవిరిపట్టి, ఆ తరువాతే పగలగొట్టి పలుచని పొట్టు ఒలుస్తారు. ఆ పనిలో ఎక్కువగా కనిపించేవి ఆడవారి చేతులే కాబట్టి, యాత్రికులను విస్తరి ముందుకు కాక మొదట ఆ కార్ఖానాకే తీసుకువెళ్లడం న్యాయం. ఆపైన ఉద్దానం పనసపొట్టుకు ఆవపెట్టి వండిన కూర, వేడి అన్నం.