ఫార్వర్డ్‌కి విరుగుడు... డప్పు!

ఎండాకాలం వచ్చిందంటే పాలమూరు పల్లెల్లో మంచాలన్నీ వాకిట్లోకి వచ్చేస్తాయి. 2018 వేసవిలో మాత్రం జోగులాంబ గద్వాల జిల్లాలో జనం తలుపులు బిగించుకుని ఉక్కపోతలోనే పడుకున్నారు. కారణం... వాట్సాప్‌! పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయంటూ వీడియోలు. ఎక్కడివో, ఎప్పటివో తెలీదు. కానీ పంపింది బావమరిదో, పక్కింటి కుర్రాడో అయితే నమ్మకుండా ఎలా ఉంటారు! ఆ ఏడాది ఇలాంటి పుకార్ల వల్లే దేశంలో ఎందరో అమాయకులు మూకదాడులకు బలయ్యారు.

అప్పటి ఎస్పీ రెమా రాజేశ్వరి ఊరికో పోలీసును పెట్టారు. డప్పు కొట్టించి, పాటలు పాడించి, పుకార్లు నమ్మొద్దని చెప్పించారు. ఎదురుగా నిలబడి చెప్పిన మాటకు జనం చెవొగ్గారు. ఆ ఊళ్లలో ఒక్క ప్రాణమూ పోలేదు.

మరి వాట్సాప్‌ ఏం చేసింది? అదే ఏడాది జులైలో, మనదేశంలో ఏ సందేశాన్నైనా ఒకేసారి అయిదు చాట్లకు మించి ఫార్వర్డ్‌ చేయకుండా కట్టడి పెట్టింది. 2020 ఏప్రిల్‌లో, అప్పటికే చాలాసార్లు చేతులు మారిన సందేశాలకు ఒక్క చాటే అంది. దాంతో అలాంటివి 70 శాతం తగ్గాయని సంస్థే చెప్పింది. నిషేధమేమీ కాదు, కావాలంటే మళ్లీ మళ్లీ నొక్కి ఎందరికైనా పంపొచ్చు. అంత ఓపిక చాలామందికి లేకపోయింది!