నేసింది ఒక ఊరు, పేరు ఇంకో ఊరిది

ఇంగ్లీషులో చాలా బట్టల పేర్లు ఊళ్ల పేర్లే. జీన్స్ అన్న మాట ఇటలీలోని జెనోవా రేవు నుంచి వచ్చింది. ఆ ఊరిని ఫ్రెంచివాళ్లు ‘జెన్’ అంటారు. అక్కడి నుంచి ఓడలకెక్కే మోటు గుడ్డను 16వ శతాబ్దపు ఇంగ్లండులో ‘జీన్’ అని పిలిచేవారు. డెనిమ్ దక్షిణ ఫ్రాన్సుది. నీమ్ అనే ఊళ్లో నేసే ‘సెర్జ్ ద నీమ్’ అన్న గుడ్డ పేరులో మొదటి మాట రాలిపోగా మిగిలిన ‘ద నీమ్’ డెనిమ్ అయింది. నీమ్‌లో నేసిన సెర్జ్ ఉన్ని, పట్టు కలిసినది, డెనిమేమో నూలు. ఈ తేడా వల్ల కొందరు భాషావేత్తలు పేరు ఒక గుడ్డది, సరుకు ఇంకో గుడ్డది అయి ఉంటుందని అనుమానిస్తారు. ఆ అనుమానం అసహజమేమీ కాదు. బట్టల వ్యాపారంలో సరుకు మారినా పేరు మారకపోవడం మామూలే.

తెలుగువారు కూడా ఊరి పేరుతోనే చీరను పిలుస్తారు: గద్వాల, వెంకటగిరి, ఉప్పాడ, పోచంపల్లి. కానీ ఆ పేర్లు మగ్గం ఉన్న ఊళ్లవి. ఇంగ్లీషువాళ్లు మాత్రం సముద్రం అవతలి నుంచి కొన్న గుడ్డకు చాలాసార్లు దాన్ని ఓడకెత్తిన ఊరి పేరు పెట్టారు. నేతగాడు ఏ ఊరివాడో వాళ్లకు తెలియదు, తెలుసుకోవలసిన పనీ లేకపోయింది.

దీనికి అన్నిటికన్నా పెద్ద సాక్షి కాలికో. కేరళ తీరంలోని కోళిక్కోడ్‌ను యూరపువాళ్లు కాలికట్ అన్నారు. ఆ పేరు మీదుగా మన దేశపు నూలుగుడ్డకంతా కాలికో అన్న పేరు స్థిరపడింది. గుజరాత్‌లో నేసినా, కృష్ణా తీరంలో నేసినా లండన్ కొట్టులో అది కాలికోనే. ఇప్పుడు బ్రిటన్‌లో ఈ మాటకు రంగు వేయని సాదా గుడ్డ అని అర్థం. అమెరికాలో పూలు అద్దిన గుడ్డ అని. అక్కడ మూడు రంగుల మచ్చలున్న పిల్లిని కూడా కాలికో అంటారు. చారల పిల్లికి టాబీ అన్న పేరొచ్చిందీ గుడ్డ వల్లే. బాగ్దాద్‌లో అత్తాబియ్యా అనే పేటలో చారల పట్టు నేసేవారు. ఆ పట్టుకు ఫ్రెంచిలో ‘తాబీ’ అని పేరు. ఇంగ్లీషులోకి వచ్చి టాబీ అయి, చివరికి పిల్లి ఒంటిమీద స్థిరపడింది.

చింట్జ్ కథ తెలుగు తీరానికి బాగా దగ్గరిది. ఇది ఊరి పేరు కాదు, హిందీలో చుక్కలు చల్లినట్టుండే గుడ్డకు వాడే ‘ఛీంట్’ అన్న మాట. తెలుగులో చీటి గుడ్డ, చీటి పరికిణీ అన్నప్పటి ‘చీటి’ కూడా దీని చుట్టమే. ఇంగ్లీషువాళ్లు బహువచనంగా ‘చింట్స్’ అని రాసుకున్నారు. తరవాత అదే ఏకవచనమనుకుని, చివరి ‘ఎస్’ బదులు ‘జెడ్’ పెట్టారు. వాళ్ల కంపెనీ 1611లో మచిలీపట్నంలో వర్తకస్థావరం పెట్టినప్పుడు కళ్లబడ్డ సరుకుల్లో ముఖ్యమైనది ఈ అద్దకం గుడ్డే.

యూరపులో అప్పట్లో అద్దిన గుడ్డ ఉతికితే రంగు పోయేది. ఇక్కడి గుడ్డ ఎన్ని ఉతుకులకూ నిలిచేది. గుట్టు రంగులో లేదు, రంగుకు ముందు చేసే పనిలో ఉంది. గుడ్డను కరక్కాయ రసం, గేదెపాలు కలిపిన నీళ్లలో ముంచి ఆరబెడతారు. తుప్పు పట్టిన ఇనుప ముక్కల్ని బెల్లం నీళ్లలో రోజుల తరబడి ఊరబెడితే వచ్చే ద్రావణంతో గీత గీస్తే, కరక్కాయ తగిలిన చోట అది నల్లగా పట్టుకుంటుంది. ఎరుపు కావలసిన చోట పటిక నీళ్లు అద్ది, చిరివేరుతో ఉడకబెడతారు. పటిక తగిలిన దారం మాత్రమే ఎరుపును పట్టుకుంటుంది, మిగతాది ఏట్లో జాడిస్తే తేలిపోతుంది. నూలు మీద పటికతో చేసే ఈ పని అప్పటి యూరపు అద్దకంవాళ్లకు పట్టుబడలేదు.

ఫలితంగా అక్కడి నేతగాళ్ల పొయ్యి ఆరిపోయే పరిస్థితి వచ్చింది. ఫ్రాన్స్ 1686లో అద్దకం నూలుగుడ్డను నిషేధించింది. ఆ నిషేధం 1759 దాకా నడిచింది. ఇంగ్లండు 1700లో దిగుమతి ఆపింది. అయినా ఆడవాళ్ల మోజు తగ్గలేదు. 1719లో లండన్ పట్టు నేతగాళ్లు వీధుల్లో కాలికో గౌన్లు కట్టుకున్నవారి మీద పడి బట్టలు చింపారు. రెండేళ్లకు, 1721లో, కట్టుకోవడమే నేరమంటూ చట్టం వచ్చింది. తరవాత మరల మీద అద్దిన చవక గుడ్డ ఊరూరా దొరకడం మొదలయ్యాక, అదే పేరులోంచి ‘చింట్జీ’ అన్న విశేషణం పుట్టింది. దానికి అర్థం చవకబారు, నాసిరకం అని! ఒకప్పుడు చట్టం పెట్టి ఆపవలసి వచ్చిన సరుకు పేరుకు పట్టిన గతి ఇది.

మచిలీపట్నాన్ని ఇంగ్లీషువాళ్లు మసూలిపటం అన్నారు కాబట్టి మస్లిన్ అన్న మాట అందులోంచి పుట్టిందని కొందరంటారు. వినడానికి బాగుంటుంది గానీ నిలవదు. మస్లిన్ ఇరాక్‌లోని మోసుల్ పేరు. 13వ శతాబ్దపు యాత్రికుడు మార్కో పోలో మోసుల్ పేరు మీద చలామణి అయ్యే బట్టల గురించి రాశాడు, అయితే అవి పట్టు, జరీ బట్టలు. పల్చటి నూలుగుడ్డకు ఆ పేరు తరవాత అంటుకుంది. ఆ నూలు మేలురకమంతా నేసింది ఢాకా చుట్టుపక్కల. అదే పోలో కాకతీయుల రేవు మోటుపల్లి గుడ్డ సాలెగూడంత సన్నమని మెచ్చుకున్నాడు. పేరు మాత్రం మోటుపల్లికి దక్కలేదు. మోటుపల్లికి దగ్గర్లోని చీరాలకూ దక్కలేదు. చీరాల మగ్గాల మీద నేసి పశ్చిమాఫ్రికాకు పంపిన గళ్ల రుమాళ్లు ప్రపంచానికి ‘మద్రాస్ హ్యాండ్‌కర్చీఫ్’ అనే తెలుసు. అమెరికాలో గళ్ల చొక్కా గుడ్డకు నేటికీ మద్రాస్ అనే పేరు.

చింట్జ్‌లాగే ఊరి పేర్లు కాని ఖాకీ, పైజామా మాటలకు పెద్దగా వివరణ అక్కర్లేదు. ఖాక్ అంటే ఫారసీలో దుమ్ము, పాయ్ అంటే కాలు, జామా అంటే తొడుగు. పైజామా మన దగ్గర పగటి దుస్తే. ఇంగ్లండు చేరాకే అది పక్క మీదికి పరిమితమైంది.

ఊళ్ల తరవాత మనుషులు. 1854 అక్టోబరు 25న క్రిమియాలోని బాలాక్లావా దగ్గర బ్రిటిష్ తేలికపాటి అశ్వదళం పొరపాటు ఆజ్ఞతో రష్యా ఫిరంగుల ఎదురుగా దూసుకెళ్లింది. వెళ్లిన 670 మందిలో సుమారు 110 మంది చచ్చిపోయారు. దళాన్ని నడిపింది కార్డిగన్ ప్రభువు. ముందు గుండీలు పెట్టుకునే ఉన్ని స్వెటర్‌కు ఆయన పేరే పడింది. ఆజ్ఞ ఇచ్చిన సేనాపతి రాగ్లన్ ప్రభువు వాటర్లూ యుద్ధంలో కుడిచెయ్యి పోగొట్టుకున్నవాడు. భుజం మీద కుట్టు లేకుండా మెడ దాకా సాగే చేతికి దర్జీలు నేటికీ రాగ్లన్ అనే అంటారు. ఇక బాలాక్లావా అన్న ఊరి పేరు, క్రిమియా చలిలో సైనికుల కోసం అల్లి పంపిన ఉన్ని టోపీకి మిగిలింది. తెలుగునాట దాన్నే మంకీ క్యాప్ అంటారు. ఇంత ఘోరమైన పొరపాటు చివరికి చలిదుస్తుల కొట్లో సరుకుగా మిగలడం విచిత్రమే.

బికినీ వయసు అంతకంటే చిన్నది. పసిఫిక్‌లోని మార్షల్ దీవుల్లో బికినీ అనే పగడపు దిబ్బ ఉంది. 1946 మార్చిలో అమెరికా అక్కడి 167 మందిని వేరే దీవికి తరలించి, జులై 1న అణుబాంబు పరీక్ష చేసింది. నాలుగు రోజులకే, జులై 5న, పారిస్‌లో లూయీ రెయార్ అనే ఇంజనీరు తన రెండు ముక్కల ఈత దుస్తును ఆ పేరుతోనే జనం ముందు పెట్టాడు. పేరులోని ‘బి’కి రెండు అన్న అర్థమే లేదు. దీవివాసుల భాషలో ఆ పేరుకు కొబ్బరికాయలుండే నేల అని అర్థం. తరవాతివాళ్లు ‘బి’ని లాటిన్ ‘రెండు’ అనుకుని, ఒంటిముక్క దుస్తుకు మోనోకినీ అని పేరు పెట్టేశారు.

బట్టల పేరు బట్టల్లోనే ఉండిపోవాలనేమీ లేదు. పాత ఫ్రెంచిలో ‘బ్యురెల్’ అంటే మోటు ఉన్నిగుడ్డ. రాత బల్ల మీద పరిచే ఆ గుడ్డ పేరు ముందు బల్లకు, తరవాత బల్ల ఉన్న గదికి, చివరికి ఆఫీసుకు పాకింది. అదే బ్యూరో. 18వ శతాబ్దంలో ఫ్రెంచి ఆర్థికవేత్త విన్సెంట్ ద గూర్నే దానికి అధికారమన్న అర్థం వచ్చే గ్రీకు మాట తగిలించి బ్యూరోక్రసీ తయారుచేశాడు. అక్షరాలా చెప్పుకుంటే బల్లగుడ్డ పరిపాలన. అమెరికాలో బ్యూరో అంటే బట్టలు పెట్టుకునే సొరుగుల పెట్టె. తెలుగిళ్లలో చీరలు మడిచి పెట్టుకునే బీరువా కూడా ఆ మాటే.