బిత్తిరి సత్తి ఎవరిని చూసి నవ్వమన్నడు?

టీవీ వార్తలకు ఒక పద్ధతి ఉంటది. కోటు, బల్ల, గంభీరమైన మొహం, అంతకన్నా గంభీరమైన గొంతు. పద్ధతి ఎంత బిగుసుకుంటే వెక్కిరించడం అంత సులువు. 1969లో బీబీసీలో మొదలైన ‘మాంటీ పైథాన్’ చేసింది ఇదే. కోటేసుకున్న అనౌన్సర్‌ను బల్లతో సహా తీస్కపోయి బయట ఎక్కడో కూర్చోబెట్టారు. గొంతు మారలే, చోటు మారింది. దాంతో ఆ గంభీరమంతా వేషమేనని తేలిపోయింది.

మన దగ్గర ఆ పని చేసింది వీ6 ఛానల్ ‘తీన్మార్’. ఇక్కడ మార్చింది చోటు కాదు, భాష. వార్తలు నిజమైనవే. చెప్పే తీరు మాత్రం అరుగు మీద ముచ్చట. సావిత్రిగా శివజ్యోతి వార్త చెప్తుంటే, బిత్తిరి సత్తిగా చేవెళ్ల రవి అడ్డం తగిలేటోడు. పెద్ద మాటను ఉన్నదున్నట్టు పట్టుకునేటోడు. ఆ తీరును నేను ఊహించి రాస్తే ఇట్లుంటది: “నిధులు విడుదలైనయి” అని ఆమె అంటే, “గిన్నొద్దులు ఎవరు కట్టేసిండ్రక్కా?” అని ఈయన.

ఈ నవ్వు ఎవరి మీద? సినిమాల్లో ఏండ్ల తరబడి మన యాసను రౌడీకో, కమెడియన్‌కో ఇచ్చారు. అక్కడ నవ్వు యాస మీదనే. సత్తిది కూడా అమాయకుడి వేషమే కదా అనొచ్చు. కానీ పక్కన సావిత్రిని చూడండి. ఆమెదీ అదే యాస, అయినా ఆమె బిత్తిరి కాదు. అంటే తిక్క సత్తిది, యాసది కాదు. వెక్కిరింత ‘నిధులు విడుదల’ లాంటి పెద్దమాటల మీద.

ఇదే ప్రోగ్రాంతో పేరు తెచ్చుకున్న తీన్మార్ మల్లన్న 2021లో నల్లగొండ–ఖమ్మం–వరంగల్ పట్టభద్రుల ఎమ్మెల్సీ ఎన్నికల్లో ఇండిపెండెంట్‌గా రెండో స్థానంలో నిలిచిండు. 2024 ఉప ఎన్నికలో కాంగ్రెస్ తరఫున గెలిచిండు. ఆయన రాజకీయాలు నచ్చొచ్చు, నచ్చకపోవచ్చు. ఓటేసినోళ్లంతా డిగ్రీ చదివినోళ్లే. వాళ్లకు ఆ యాస అడ్డం రాలే.

మరి మనకెందుకు వస్తుంది? నల్లగొండ, పాలమూరు నుంచి వచ్చినోళ్లం హాస్టల్ల “వస్తున్న” అంటం, సెమినార్లో “వస్తున్నాను” అని దిద్దుకుంటం. స్కిట్‌లో మాత్రం అదే యాసతో చప్పట్లు కొట్టించుకుంటం. యాసను నవ్వుకు మాత్రమే వాడితే, పాత సినిమాలు చేసిన పనే మనమూ చేసినట్టు. వచ్చే సెమినార్‌లో సర్క్యూట్ గురించి సావిత్రి లెక్క చెప్పి చూద్దాం.