ఇంటి తనఖాకు నిజమైన వెల

రైతు ఎద్దును కొనునపుడు పండ్లు చూచును, సుళ్లు చూచును, నాలుగడుగులు నడిపించి చూచును. విత్తనమును అరచేత బోసికొని పరీక్షించును. అప్పు తెచ్చుకొనునపుడు మాత్రము పెక్కుమంది ఒక్క ప్రశ్నతోనే తృప్తి జెందుచున్నారు: "నెలకు కిస్తు ఎంత?" ఆ జవాబు తమ శక్తికి లోబడినట్లు తోచినచో చేవ్రాలు చేసి వచ్చుచున్నారు. అప్పుకును ఒక వెల గలదు. అది కిస్తులో కానరాదు; కిస్తులన్నిటిని కూడిన మొత్తమునందు కానవచ్చును. కర్నూలు, కడప సీమలలో క్రొత్త యిల్లు కట్టుకొనుటకును, ఉన్న యింటిని కుదువబెట్టి బోరు వేయుటకును, పెండ్లి చేయుటకును తనఖా ఋణములు తెచ్చుకొనుట పరిపాటియైనది. కావున ఆ వెలను కనుగొను విధమును మన సభ్యులకు వివరింపదలచితిమి.

తనఖాలోని భేదములు

స్థిరాస్తియందలి హక్కును ఋణమునకు పూచీగా బదలాయించుటయే తనఖా. 1882వ సంవత్సరపు ఆస్తి బదిలీ చట్టము దీనిని పలువిధములుగా విభజించినది. సాదా తనఖాలో ఆస్తి ఋణస్థుని స్వాధీనమందే యుండును. బాకీ తీరనిచో కోర్టు ద్వారా అమ్మించి రాబట్టుకొందురు. స్వాధీన తనఖా, అనగా భోగ్యములో, ఆస్తిని ఋణదాత అనుభవించును. హక్కు పత్రములను దాఖలు చేయుటవలన నేర్పడునది మరియొకటి. ఇంటి ఋణములకు బ్యాంకులు తరచుగా దీనిని అవలంబించుచున్నవి.

షరతు విక్రయమను నాలుగవ విధమును గూర్చి మిక్కిలి జాగ్రత్త వలయును. పైకి క్రయపత్రము వ్రాయించుకొని, "సొమ్ము తీర్చిననాడు తిరిగి వ్రాసి యిచ్చెదను" అని నోటిమాట చెప్పుట పల్లెలలో కలదు. తిరిగి యిచ్చు షరతు ఆ క్రయపత్రములోనే వ్రాయబడియుండనిచో దానిని తనఖాగా నెంచరాదని 1929వ సంవత్సరపు సవరణ శాసించుచున్నది. కావున నోటిమాటను నమ్మి క్రయము వ్రాసినవాడు అప్పు తెచ్చుకొన్నవాడు కాడు, ఆస్తి నమ్ముకొన్నవాడే యగును.

భోగ్యమునకు వడ్డి లేదని తలంచుట మరియొక పొరపాటు. ఏటికి 12,000 రూపాయల గుత్త రాదగిన పొలమును 60,000 రూపాయలకు భోగ్యమిచ్చిన రైతు నూటికి సాలుకు 20 వంతున వడ్డి కట్టుచున్నట్లే. పదియేండ్లకు ఋణదాత 1,20,000 రూపాయల ఫలమును అనుభవించియుండును; అసలు 60,000 ఒక్క పైసయు తరుగక నిలిచియుండును.

ఇంటికి గల రక్షణ, దానిని మనమే విడుచుట

రైతు స్వయముగా నివసించు యింటిని సామాన్యపు బాకీ డిక్రీక్రింద జప్తుచేసి అమ్మరాదని 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడు 60వ సెక్షను చెప్పుచున్నది. ప్రోనోటు అప్పు ఎంత పెరిగినను ఆ గడప దాటి రాలేదు. కాని ఆ యింటినే తనఖా పెట్టిన పిమ్మట ఈ రక్షణ అక్కరకు రాదు. తనఖా డిక్రీలో జప్తు అవసరమే లేకుండ ఆస్తిని నేరుగా అమ్మవచ్చును. చట్టము మూసియుంచిన తలుపును రైతు తన చేతితో తానే తెరచుచున్నాడన్నమాట.

ఇదిగాక, 2002వ సంవత్సరపు సర్ఫేసీ చట్టము ననుసరించి బ్యాంకులు కోర్టుకు పోకయే తనఖా ఆస్తిని స్వాధీనపరచుకొనవచ్చును. ఈ యధికారము సహకార బ్యాంకులకును కలదని సుప్రీముకోర్టు 2020లో తీర్పు చెప్పినది. వ్యవసాయభూమి ఈ చట్టమునుండి మినహాయింపబడినది, ఇల్లు మినహాయింపబడలేదు. సాధారణముగా కిస్తు 90 దినములకు మించి నిలిచినచో ఖాతా నిరర్థకమని లెక్కింపబడును. పిమ్మట 60 దినముల గడువుతో నోటీసు వచ్చును. స్వాధీన చర్య జరిగినచో 45 దినములలోపల ఋణవసూలు ట్రిబ్యునలుకు చెప్పుకొనవచ్చును. ఈ గడువులను ప్రతి ఋణస్థుడును గుర్తెరిగియుండవలెను.

వెనుకటి చరిత్ర

1800వ సంవత్సరమున నిజాము కుంఫిణీకి అప్పగించిన దత్తమండలములలో మన రెండు జిల్లాల సీమయు చేరియున్నది. వాన చాలని నేల. 1876-78 నాటి ధాతుకరవు ఈ సీమను మిక్కిలిగ బాధించినది. పంట పోయిన ఏడు అప్పు, పండిన ఏడు వడ్డి యను చక్రమునుండి రైతును తప్పించు మార్గమును వెదకుటకై మద్రాసు ప్రభుత్వము ఫ్రెడరిక్ నికల్సను అను నుద్యోగిని నియమింపగా, అతడు ఐరోపాలోని సహకార బ్యాంకులను పరిశీలించి 1895-97లో తన నివేదికను ప్రకటించెను. 1904లో సహకార పరపతి సంఘముల చట్టము వచ్చినది.

పంట అప్పు వేరు, పాత బాకీలను తీర్చు దీర్ఘకాలపు అప్పు వేరు. ఈ రెండవదానికై 1929లో మద్రాసు కేంద్ర భూమి తనఖా బ్యాంకు స్థాపితమైనది. 1934లో ప్రత్యేక చట్టము చేయబడినది. డిబెంచర్లమీద సొమ్ము సేకరించి, భూమి పూచీపై దీర్ఘకాలమునకు అప్పిచ్చి, అసలును వడ్డిని కలిపి సమాన కిస్తులుగా రాబట్టుట దాని పద్ధతి. ఆంధ్రప్రదేశములో ఈ శాఖ 1987లో ఏకగవాక్ష పద్ధతిక్రింద తక్కిన సహకార పరపతిలో విలీనమైనది.

1938వ సంవత్సరపు మద్రాసు వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టము మరియొక న్యాయమును స్థాపించినది. 1932 అక్టోబరు 1వ తేదీకి పూర్వపు అప్పులలో, అసలుకు రెట్టింపు సొమ్ము ఏ రూపమున చెల్లించియున్నను ఆ అప్పు పూర్తిగ తీరినట్లే యని అది శాసించెను. అసలుకు రెట్టింపు మించరాదను భావము మన ధర్మశాస్త్రములలోనిదే. నేటి యింటి ఋణములకు అట్టి హద్దు లేదు. ఆ హద్దును ఋణస్థుడే లెక్కచూచి ఏర్పరచుకొనవలెను.

ఒక లెక్క

10 లక్షల రూపాయలు, సాలుకు నూటికి 9 వడ్డి, 20 సంవత్సరముల గడువు అనుకొందము. నెలకిస్తు 8,997 రూపాయలు. 240 కిస్తులకు మొత్తము 21,59,342 రూపాయలు. అనగా అసలు 10 లక్షలు, వడ్డి 11,59,342. అసలును మించినది వడ్డి.

మొదటి నెల కిస్తులో 7,500 రూపాయలు వడ్డికే పోవును. అసలు తరుగునది 1,497 మాత్రమే. అయిదేండ్లు తప్పక కట్టినవాడు 5,39,836 రూపాయలు చెల్లించియుండును. అయినను బాకీ 8,87,071 నిలిచియుండును. పదియేండ్లకు, అనగా సగము గడువు గడచినపుడు, బాకీ ఇంకను 7,10,259. సగము కాలమునకు సగము అప్పు తీరునని తలచి, ఆ ధైర్యముతో మరియొక అప్పు చేసినవారు ఇచ్చటనే చిక్కుకొనుచున్నారు. ఇందులో మోసమేమియు లేదు. వడ్డి నిలిచియున్న బాకీమీద కట్టబడును. బాకీ పెద్దదిగా నున్న తొలియేండ్లలో కిస్తును అదియే మ్రింగివేయును.

ఇప్పుడు గడువును 15 సంవత్సరములు చేయుదము. కిస్తు 10,143 అగును, మొత్తము 18,25,680. నెలకు 1,146 రూపాయలు హెచ్చుగ కట్టుటవలన 3,33,662 రూపాయలు మిగులుచున్నవి. కిస్తు తగ్గించుటకై గడువు పెంచుట యనగా వెల పెంచుటయే.

వడ్డి మారునట్టి ఋణములలో మరియొక సూక్ష్మము గలదు. పై ఋణమునకే మొదటనే వడ్డి 9 నుండి 10కి పెరిగినదనియు, కిస్తు మాత్రము మార్చలేదనియు అనుకొందము. 240 నెలలలో తీరవలసినది 314 నెలలు పట్టును; మొత్తము 28 లక్షలు దాటును. కిస్తు మారలేదు గనుక రైతుకు నొప్పి తెలియదు. ఆరేండ్ల కష్టము చడిచప్పుడు లేక చేరిపోవును. ఇట్టి మార్పు జరిగినపుడు ఋణస్థునికి తెలియజేయవలెననియు, కిస్తు పెంచుకొనుటకో గడువు పెంచుకొనుటకో అవకాశ మీయవలెననియు రిజర్వు బ్యాంకు 2023లో ఆదేశించినది. ఆ కాగితము వచ్చినపుడు పెట్టెలో దాచక, చదివి జవాబీయవలెను.

వడ్డి పేర్లలోని భేదము

పల్లెలలో "నూటికి రెండు రూపాయలు" అన్నచో నెలకు. సాలుకు 24 అయినది. లక్ష రూపాయలు ఏడాదికొకసారి వడ్డి అసలులో కలుపుచు పోయినచో అయిదేండ్లకు 2,93,163 అగును. ఇక కొందరు "సాలుకు పదియే" యని చెప్పి, తొలి అసలుమీదనే కడవరకు వడ్డి కట్టుదురు. లక్షకు అయిదేండ్లకు 50,000 వడ్డి చేర్చి నెలకు 2,500 చొప్పున రాబట్టినచో, తరుగుచున్న బాకీమీద లెక్కించునపుడు ఆ వడ్డి 17కు పైబడును. రెండు వడ్డీలను పోల్చునపుడు రెండును తరుగు బాకీమీదివేనా యని మొదట అడుగవలెను.

వడ్డిగాక విలువకట్టు రుసుము, న్యాయవాది అభిప్రాయము, స్టాంపు, రిజిస్ట్రేషను, ఈసీ, భీమా మొదలగు ఖర్చులు గలవు. వీనినన్నిటిని చేర్చిన వార్షిక వడ్డిశాతమును చూపు ముఖ్యాంశ పత్రమును, ఋణస్థునికి అర్థమగు భాషలో ఈయవలెనను నియమము 2024 అక్టోబరు 1 నుండి చిల్లర ఋణములకు అమలునకు వచ్చినది. చేవ్రాలుకు ముందు దానిని తెలుగులో అడిగి పుచ్చుకొనుడు.

మెట్ట రైతు ప్రత్యేక స్థితి

జీతగానికి నెలనెల రాబడి. నెలకిస్తు అతనికి సరిపోవును. వేరుశనగ, ప్రత్తి, శనగ పండించు మెట్టరైతుకు సొమ్ము ఏటికి ఒకటి రెండు మారులే చేతికి వచ్చును. వాన తప్పిన ఏడు అదియు లేదు. పై ఋణములో మొదటి యేడు ఏమియు కట్టలేకపోయినచో, జరిమానాలు గాక, 10 లక్షల బాకీ 10,93,807 అగును. కావున మంచి యేటి రాబడిని జూచి కిస్తు నిర్ణయించుకొనరాదు. కరవు ఏటిలో ఎంత కట్టగలనో దానిని జూచి నిర్ణయించుకొనవలెను. ఆ హెచ్చుతగ్గులకై ఒక ఏటి కిస్తులకు సరిపడు సొమ్మును సంఘములో డిపాజిటుగ నుంచుకొనుట మేలు.

మంచి యేడు వచ్చినపుడు చేయవలసినదియు గలదు. పై 20 ఏండ్ల ఋణముమీద కిస్తులు గాక ఏటేట పంట అమ్మినపుడు 10,000 రూపాయలు అసలుకు జమకట్టినచో ఋణము 16 సంవత్సరముల 3 నెలలలో తీరును; మొత్తము చెల్లింపులో సుమారు రెండున్నర లక్షలు మిగులును. వ్యక్తుల గృహఋణములలో వడ్డి మారునట్టివానిని ముందుగా తీర్చినందుకు వాణిజ్యబ్యాంకులు రుసుము గొనరాదని 2012లోనే ఉత్తరువైనది. జమకట్టునపుడు "గడువు తగ్గింపుడు" అని వ్రాసి యీయవలెను.

బోరు వేయుటకై ఇంటిని కుదువబెట్టుటను మేము హర్షింపజాలము. బోరులో నీరు పడునో పడదో నిశ్చయములేదు. కిస్తు మాత్రము నిశ్చయము. పంట పెట్టుబడికైనచో ఇంటి పత్రములతో పనిలేదు. 2 లక్షల రూపాయలవరకు వ్యవసాయ ఋణములు తాకట్టు లేకయే ఈయవలెనని 2025 జనవరి 1 నుండి నియమము గలదు.

చేవ్రాలుకు ముందు

కడపట, అప్పునకు పోవు ప్రతి సభ్యుడును ఈ ప్రశ్నలను చీటిపై వ్రాసికొని పోవలెను. మొత్తము ఎంత చెల్లింపవలెను? అయిదేండ్లకు, పదియేండ్లకు బాకీ ఎంత నిలుచును? వడ్డి మారునదా, మారనిదా? ఒక కిస్తు తప్పినచో ఏమి జరుగును? ముందుగా తీర్చినచో రుసుము గలదా? అప్పు తీరిన పిమ్మట బ్యాంకులు పత్రములను 30 దినములలో తిరిగి యీయవలెననియు, తమ తప్పువలన జాగుచేసినచో దినమునకు 5,000 రూపాయలు పరిహారమీయవలెననియు 2023 డిసెంబరు 1 నుండి నియమము గలదు. తీరిన అప్పునకు రసీదుతోనే తృప్తిపడక, పత్రములను తెచ్చుకొని, ఈసీలో తనఖా రద్దయినదో లేదో చూచుకొనవలెను.

అప్పును, నిప్పును, పగను శేషముంచరాదని పెద్దలు చెప్పుదురు. అప్పే వలదని మేము చెప్పుటలేదు. తగిన గడువుతో, తెలిసిన వెలకు తెచ్చిన అప్పువలన నిలువనీడ యేర్పడిన కుటుంబములు పెక్కు కలవు. కాని నాపరాళ్లు పరచి, మిద్దె వేసి, తండ్రులు మనకు విడిచిన యింటిని పూచీగా నిలుపునపుడు, ఆ కాగితములోని ప్రతి అంకెను ఇంటిల్లిపాదియు కూర్చుండి లెక్కచూచుట న్యాయము. లెక్క తెలియనిచో సంఘ కార్యదర్శి నడుగుడు; అడుగుటకు సిగ్గుపడవలదు. చేవ్రాలుకు ముందు గడిపిన ఒక గంట, దాని పిమ్మటి యేండ్ల చింతను తప్పించును.