శ్రీ టంగుటూరి అంజయ్యగారు: ఆరణాల కూలి నుండి ముఖ్యమంత్రిత్వమునకు

సంఘబలముచే సామాన్యు డెంతదూరము పోగలడో, పోయిన పిమ్మట నాతనిపై నెట్టి భారము పడునో తెలిసికొనుటకు కీర్తిశేషులైన అంజయ్యగారి జీవితము మంచి నిదర్శనము. ఆయన హైదరాబాదు కర్మాగారమున చెమటోడ్చినవారు. అయినను మన మెట్‌పల్లి ప్రాంతపు రైతు సోదరు లెరుగదగిన చరిత్ర యగుటచే నిచట సంగ్రహముగా వ్రాయుచున్నాము.

అంజయ్యగారు 1919లో జన్మించిరి. బస్సు బాడీలు, ఇనుప బీరువాలు తయారుచేసిన ఆల్విన్ కర్మాగారమున దినమునకు 6 అణాల కూలికి కుదిరిరి. రూపాయికి 16 అణాలు గనుక అది అర్ధరూపాయి యైనను కాదు. ఒంటరి కూలీ హెచ్చు కూలి యడిగిన పనియే పోవును. పదిమంది చందా వేసికొని, తమలో నొకనిని మాటాడుటకు నిలిపినచో నా మాటకు విలువ వచ్చును. మన సంఘమున వాటాధనము చేయు మేలే అచట చందా చేయును. తోటివారి పక్షమున నట్లు నిలిచి ఆయన కార్మిక నాయకులైరి.

పిమ్మట రాష్ట్రమందును, కేంద్రమందును కార్మిక శాఖలో మంత్రిగా పనిచేసి, 1980 అక్టోబరులో ఆంధ్రప్రదేశ్ ముఖ్యమంత్రి యైరి. 1970 తరువాత జరుగని గ్రామ పంచాయతీ ఎన్నికలు 1981లో ఆయన కాలముననే జరిగినవి. పదునొకం డేండ్లకు గ్రామస్థునికి తన పంచాయతీని తా నెన్నుకొను నవకాశము మరల కలిగెను. అయితే అందరిని తృప్తిపరుపబోయి 61 మందితో మంత్రివర్గమును కూర్చి పరిహాసము పాలైరి; ఢిల్లీ మాటపై దానిని కుదింపవలసి వచ్చెను.

ఇంతకంటె బరువైన సంగతి యొకటి కలదు. గోదావరి కావల, ఆదిలాబాదు జిల్లా ఇంద్రవెల్లిలో 1981 ఏప్రిల్ 20వ తేదీన గిరిజన రైతుకూలీ సంఘము సభ తలపెట్టెను. భూముల బాధ చెప్పుకొనవచ్చిన గోండులపై పోలీసులు కాల్పులు జరిపిరి. మృతులు 13 మంది యని ప్రభుత్వము ప్రకటించెను. అంతకు పలురెట్లని పౌరహక్కులవారు చెప్పిరి. సంఘముచే పైకి వచ్చిన నాయకుని యేలుబడిలోనే, సంఘముగా కూడిన కష్టజీవులు నేలకొరగిరి. ఆయన మేళ్లు చెప్పునపుడు దీనిని దాచుట న్యాయము కాదు.

1982 ఫిబ్రవరిలో బేగంపేట విమానాశ్రయమున రాజీవ్ గాంధీగారు ఆయనను పలువురి యెదుట చిన్నబుచ్చిరి. ఆ నెలలోనే పదవి పోయెను. తెలుగువారి యాత్మగౌరవమను నినాదము లేచి, 1983 జనవరి ఎన్నికలలో కాంగ్రెసు నాటి ఆంధ్రప్రదేశ్ రాష్ట్రమున తొలిసారి అధికారము కోల్పోయెను. అంజయ్యగారు 1984లో సికిందరాబాదు నుండి లోకసభకు ఎన్నికై, 1986 అక్టోబరులో పరమపదించిరి.

సభ్యులారా! మనలో నొకనిని పై పదవికి పంపుట మంచిదే. కాని పంపినంతనే మన పని తీరదు. పంపినవారు వెంట నుండి అడుగుచున్ననే పోయినవానికి తన మూలము గుర్తుండును. మన సంఘపు డైరెక్టర్ల విషయమునను ఇంతియే. ఓటు వేసి యింటికి పోక, మహాజనసభకు తప్పక వచ్చి, లెక్కలు విని, సందేహము లడుగుడని మనవి చేయుచున్నాము.