పంచ్ వెనకాల పని ఉంది!

'బీటెక్ చదివి కామెడీ చేస్తావా?' అని మా జమ్మలమడుగులో ఏ అమ్మ అడిగినా, పిల్లోడి దగ్గర జవాబు రెడీ: 'హైపర్ ఆది చేయలేదా?' నిజమే. కానీ మనకు తెలిసింది ఆయన పంచ్‌లే. మొదట్లో చేసిన పని సంగతి తక్కువమందికి తెలుసు.

రాతే దారి చూపింది

ఆదిది ప్రకాశం జిల్లా చీమకుర్తి మండలం పల్లామల్లి. బీటెక్ అయ్యాక సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేశాడు. సరదాగా 'అత్తారింటికి దారేది' సినిమాకు పేరడీ తీసి నెట్‌లో పెట్టాడు. అది అదిరే అభి కంట్లో పడింది. ఈటీవీలో 2013లో మొదలైన 'జబర్దస్త్'లో అభి ఓ టీమ్ లీడర్. ఆయనా సాఫ్ట్‌వేర్ నుంచి వచ్చినవాడే. ఆది ఆ టీమ్‌లో చిన్న వేషాలేస్తూ, స్కిట్లు రాస్తూ పని నేర్చుకున్నాడు. సొంత టీమ్ ఆ తర్వాతే.

అదే షోలో 'వేణు వండర్స్' నడిపిన వేణు, 2023లో 'బలగం' రాసి, దర్శకత్వం వహించాడు. ఇద్దరికీ కలిసొచ్చింది రాత.

మనమేం చేయొచ్చు?

* స్కిట్ అంటే కొద్ది నిమిషాల్లో కథ, పాత్రలు, ముగింపు. వారానికొకటి రాయండి. హాస్టల్లో చదివి వినిపించండి. నవ్వురాని లైన్ కొట్టేయండి.
* 'నాకు టాలెంట్ ఉంది' అంటే ఎవరూ నమ్మరు. రెండు నిమిషాల వీడియో చూపిస్తే చూస్తారు. క్యాంపస్ ఇంటర్వ్యూల్లో ఫెయిలైన నాకూ, తర్వాత చూపించుకోవడానికి మిగిలింది నా బ్లాగే.
* లీడర్ కావాలని తొందరపడొద్దు. ముందు మంచి టీమ్‌లో చోటు వెతకండి.
* ఒకరి రంగు మీదో, ఒడ్డూపొడుగుల మీదో వేసే జోకు తేలిక. ఇలాంటి షోలు ఎక్కువగా మాటపడింది వాటికే. మన సీమ యాసను కూడా ఎగతాళికి కాకుండా, పాత్రకు ప్రాణం పోయడానికి వాడండి.

లెక్క కూడా చూసుకోండి

ఈ రంగంలో నెల తిరగ్గానే జీతం పడదు. పిలుపొస్తేనే పని, పనుంటేనే డబ్బు. చదువు కోసం తెచ్చిన అప్పుకు మాత్రం వాయిదా ప్రతి నెలా కట్టాలి. అందుకే డిగ్రీ పూర్తిచేయండి, దొరికిన ఉద్యోగంలో చేరండి, సాయంత్రాలు రాసుకోండి. ఇంట్లో అమ్మ మళ్లీ అడిగితే ఆది పేరు చెప్పకండి. మీరు రాసింది చదివి వినిపించండి. ఆమె నవ్విందా, మొదటి ఆడిషన్ పాసైనట్టే!