ఫొటోగ్రాఫర్‌ని కుదుర్చుకునే ముందు ఒక పెళ్లి మొత్తం చూడండి

కల్యాణ మండపం మాట్లాడుకునే ముందు వెళ్లి చూసొస్తాం. వంటవాళ్లకు బయానా ఇచ్చే ముందు వాళ్ల చేతి వంట తిన్నవాళ్లను వాకబు చేస్తాం. పట్టుచీరనైతే మడత విప్పించి కొంగు దాకా చూడనిదే కొనం. ఫొటోగ్రాఫర్ దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఇన్‌స్టాగ్రామ్‌లో పదిపదిహేను ఫొటోలు చూసి, ప్యాకేజీ ఎంతో అడిగి, అడ్వాన్సు పంపేస్తున్నాం. ఆ ఫొటోల్లో మోసమేమీ ఉండకపోవచ్చు. కాకపోతే అవి ఎన్నో పెళ్లిళ్లలోంచి ఏరి పెట్టినవి. వేల ఫొటోలు తీస్తే ఎవరికైనా కొన్ని అద్భుతంగా కుదురుతాయి. మిగతావి ఎలా వచ్చాయన్నదే మనకు కావలసిన సంగతి, ఎందుకంటే మన ఆల్బమ్‌లో చేరేవి ఎక్కువగా ఆ మిగతావే. అందుకని ఏ ఫొటోగ్రాఫర్ దగ్గరికి వెళ్లినా, ఆయన ఈమధ్య తీసిన ఒక్క పెళ్లిని, పెళ్లివారికి ఇచ్చింది ఇచ్చినట్టుగా, మొదటి నుంచి చివరి దాకా చూపించమని అడగండి. అది రాత్రి ముహూర్తం పెళ్లి అయితే మరీ మంచిది.

రాత్రి ముహూర్తమే ఎందుకంటే, కెమెరా పట్టుకున్నవాళ్లకు అంతకన్నా కఠినమైన పరీక్ష లేదు. ప్రీ వెడ్డింగ్ షూట్‌లో చోటూ సమయమూ మనం ఎంచుకున్నవే. సాయంత్రపు మెత్తని ఎండ ఉంటుంది, నచ్చకపోతే ఇరవైసార్లయినా మళ్లీ నిలబడొచ్చు. పెళ్లిలో ఆ వెసులుబాటు లేదు. జీలకర్ర బెల్లం పెట్టేటప్పుడు వధూవరుల మధ్య అడ్డుతెర ఉంటుంది, చుట్టూ బంధువులు మూగి ఉంటారు, వంగిన పురోహితుడి భుజం అడ్డం వస్తుంది. తెర దించగానే ఇద్దరూ ఒకరినొకరు చూసుకునేది రెండు మూడు క్షణాలే. దానికి తోడు వెలుతురు నానా రకాలు. వెనక ఎల్ఈడీ వాల్ ఊదారంగు కుమ్మరిస్తుంది, పైనుంచి పసుపు దీపాలు, ముందు వీడియో లైటు తెలుపు. మన కరెంటు 50 హెర్ట్జ్‌ది కాబట్టి దానితో వెలిగే దీపాల్లో చాలావరకు సెకనుకు వందసార్లు మినుకుమంటాయి. కంటికి అది తెలియదు. షట్టర్ వేగం దానికి పొసగకపోతే మాత్రం ఫొటో మీద అడ్డంగా నల్లటి చారలు పడతాయి. తెల్లని మధుపర్కాలది ఇంకో చిక్కు. కెమెరా లెక్కకు వదిలేస్తే బట్ట బూడిదరంగుకు తిరుగుతుంది, చేత్తో సరిచేయబోయి ఎక్కువ చేస్తే ఎర్రంచు తప్ప నేతంతా కొట్టుకుపోతుంది. ఇవన్నీ తెలిసినవాళ్లెవరో, తెలియనివాళ్లెవరో చెరువుగట్టు మీద తీసిన జంట ఫొటో చూసి కనిపెట్టలేం.

తంతు తెలియడం దీనికన్నా పెద్ద విషయం అనిపిస్తుంది నాకు. తెలుగు పెళ్లిలో అసలు సుముహూర్తం జీలకర్ర బెల్లం పెట్టే వేళ. ఆ సంగతి తెలియనివాళ్లు మంగళసూత్ర ధారణకు లెన్సు సిద్ధం చేసుకుంటూ ఆ ఘడియను జార్చుకునే ప్రమాదం ఉంది. మేనమామ గంపలో పెళ్లికూతురిని మోసుకొచ్చే ఇళ్లున్నాయి, ఆ పద్ధతి లేని ఇళ్లూ ఉన్నాయి. తెలంగాణలో ఎదుర్కోళ్ల సందడిని, నాగవెల్లిని వదిలేసిన ఆల్బమ్ సగమే. అప్పగింతల్లో అందరి కెమెరాలూ పెళ్లికూతురి కన్నీళ్ల మీదే ఉంటాయి. ఆ సమయంలో వెనక గోడవారగా నిలబడిన తండ్రి వైపు తిరగాలని తోచేది, తర్వాత ఏం జరగబోతోందో ముందే ఎరిగినవాళ్లకే. అందుకే పెద్ద నగరం నుంచి వచ్చే ఖరీదైన క్యాండిడ్ బృందం కన్నా, ఇరవై ఏళ్లుగా మీ కులాచారాలు చూస్తున్న పక్క ఊరి స్టూడియో ఆయనే చాలాసార్లు మేలు. ఆయన ఎడిటింగ్ కాస్త పాతకాలపుదిగా కనిపించవచ్చు. ఫొటో చేతిలో ఉంటే ఎడిటింగ్‌ను తర్వాత మరొకరితో చేయించుకోవచ్చు, తీయని ఫొటోను ఎవరూ చేయలేరు.

పూర్తి పెళ్లి చూసేటప్పుడు పెళ్లికూతురిని కాసేపు మరిచిపోండి. ఆమెను అందంగా తీయని ఫొటోగ్రాఫర్ అరుదు. తాతలు, అమ్మమ్మలు ఎన్నిసార్లు కనిపించారో చూడండి. వాళ్ల కళ్లు తెరిచే ఉన్నాయా? గ్రూపు ఫొటోలో చివర నిలబడ్డవాళ్ల ముఖం సాగకుండా ఉందా? చామనఛాయ మనుషుల రంగు వాళ్ల రంగులాగే ఉందా? ఈ చివరి ప్రశ్నను తేలిగ్గా తీసుకోకండి. పెళ్లి ఆల్బమ్‌లలో ముఖాలను తెల్లగా, గీతలేకుండా నున్నగా చేసేయడం అలవాటుగా మారింది. ముప్పై ఏళ్ల తర్వాత పిల్లలు ఆ పేజీ తిప్పినప్పుడు, నానమ్మ చెంపమీది మచ్చ ఆ చెంపమీదే ఉండాలి. పెళ్లికూతురి గదిలో ఒక రంగు, మండపంలో ఒక రంగు, భోజనాల దగ్గర మరో రంగుగా ముఖం మారుతూ పోతుంటే ఆ పనితనం మీద అనుమానం పెట్టుకోవలసిందే.

వేరేవాళ్ల పెళ్లి ఫొటోలు మనకెందుకు చూపిస్తారు, అది వాళ్ల ఆంతరంగికం కదా అని అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. మీ ఫోనుకు పంపమని అడగకండి. స్టూడియోకే వెళ్లి, ఆ కుటుంబం ఒప్పుకున్న పెళ్లిని వాళ్ల కంప్యూటర్ మీదే చూడండి. తమ పని మీద నమ్మకమున్నవాళ్లకు ఒప్పుకునే కుటుంబం ఒక్కటైనా దొరుకుతుంది. అక్కడ కూర్చున్నప్పుడే ఇంకొకటి తేల్చుకోవాలి: ఈ పెళ్లి తీసిన మనిషే మన పెళ్లికి వస్తారా? ఆషాఢం, మూఢం పోగా మంచి ముహూర్తాలు కొన్ని తేదీల మీదే పడతాయి. ఒకే రాత్రి ఒక్కో స్టూడియో మూడు నాలుగు పెళ్లిళ్లు ఒప్పుకుని, తమవాళ్లు చాలక బయటినుంచి రోజు కూలికి మనుషుల్ని తెచ్చుకోవడం ఈ వృత్తిలో మామూలే. బోర్డు మీది పేరు చూసి డబ్బిస్తాం, వచ్చేది మరొకరు. కాబట్టి వచ్చే మనిషి పేరు కాగితం మీద ఉండాలి.

ఇదంతా లక్షలు పెట్టగలవాళ్లకు చెప్పే మాట అనుకునేవాళ్లూ ఉంటారు. నిజానికి డబ్బు తక్కువ ఉన్నవాళ్లకే ఇది ఎక్కువ అవసరం. ప్యాకేజీ ధరలో క్రేన్, డ్రోన్, ఎల్ఈడీ వాల్, ప్రీ వెడ్డింగ్ పాట, బరువైన ఆల్బమ్ పెట్టె ఎంత మింగుతున్నాయో విడివిడిగా రాయించండి. అవి తీసేసి, మిగిలిన డబ్బుతో అనుభవమున్న ఒక మనిషిని, తోడుగా ఒక సహాయకుణ్ని పెట్టుకుంటే సరిపోతుంది. మండపం మీద కెమెరాలు తగ్గితే ఎదుట కూర్చున్న చుట్టాలకు వీపులు కాక పెళ్లి కనిపిస్తుంది. డ్రోన్ కావాలనుకుంటే 2021 డ్రోన్ నిబంధనలు గుర్తుంచుకోవాలి. విమానాశ్రయాల చుట్టుపక్కల అనుమతి లేకుండా ఎగరేయకూడదు. అందరి చేతుల్లో ఫోన్లున్నాయి కదా, ఫొటోగ్రాఫరే ఎందుకనేవాళ్లకు నా జవాబు ఒకటే. ఫోన్లు ఎన్ని ఉన్నా, తలంబ్రాల సరదాలో పడిపోకుండా చివరిదాకా పనిమీదే ధ్యాస ఉంచే మనిషి ఒకరు కావాలి, చుట్టాలను ఆ పని అడగడం భావ్యం కాదు.

పెళ్లికూతురి గదిలోకి, మంగళస్నానాల దగ్గరికి ఎవరు వెళ్తారన్నదీ ముందే మాట్లాడుకోవాలి. ఇది కొత్తగా పుట్టిన పట్టింపు కాదు. ఆరో నిజాం ఆస్థాన ఛాయాచిత్రకారుడు రాజా దీన్‌దయాళ్ 1892లోనే హైదరాబాద్‌లో స్త్రీల కోసం ప్రత్యేకంగా జనానా స్టూడియో తెరిచి, దాని నిర్వహణ ఒక మహిళా ఫొటోగ్రాఫర్‌కు అప్పగించారు. ఇప్పుడు ఈ పనిలో ఉన్న ఆడపిల్లలు తక్కువేమీ కాదు, అడిగితే బృందంలో ఒకరిని పంపుతారు.

తెలిసినవాళ్లతో కాగితాలేమిటని మొహమాటపడకండి, రాసుకున్న మాట ఇద్దరినీ కాపాడుతుంది. ఎన్ని గంటలు, ఏయే వేడుకలు, ఫొటోలు ఎన్నాళ్లకు ఇస్తారు, ఎడిట్ చేయని ఫైళ్లు ఇస్తారా, మన ఫొటోలు వాళ్ల ప్రచారానికి వాడుకోవచ్చా లేదా, ఇవన్నీ అందులో ఉండాలి. 1957 కాపీరైట్ చట్టం 17వ సెక్షన్ ప్రకారం, డబ్బిచ్చి తీయించుకున్న ఫొటో మీద మొదటి హక్కు, వేరే ఒప్పందం లేనప్పుడు, తీయించుకున్నవారిదే. కాబట్టి సంతకం పెట్టే ముందు ఆ హక్కును వదులుకుంటున్నట్టు ఏ మూలనైనా రాసి ఉందేమో చదవండి. పని సరిగా చేయకపోతే 2019 వినియోగదారుల రక్షణ చట్టం కింద రెండేళ్లలోపు ఫిర్యాదు చేయవచ్చు. వినియోగదారుల కమిషన్ ఇప్పించగలిగేది పరిహారమే, పోయిన పెళ్లిని కాదు. అందుకే కెమెరాలో ఒకేసారి రెండు మెమరీ కార్డుల్లోకి ఎక్కుతుందా, పెళ్లయిన రాత్రే వేరే డిస్కులోకి కాపీ చేస్తారా అని అడగడం తప్పనిసరి. ఫైళ్లు మీ చేతికొచ్చాక రెండు హార్డ్ డిస్కుల్లో పెట్టి, ఒకటి మీ ఇంట్లో, మరొకటి వియ్యాలవారింట్లో ఉంచండి. స్టూడియోలు పంపే క్లౌడ్ లింకులకు గడువుంటుంది. ఇక ఆల్బమ్ ఆలస్యమైందన్న ఫిర్యాదుల్లో సగం తప్పు మనవైపే ఉంటుంది: ఏ ఫొటోలు వేయాలో ఎంచి ఇవ్వమని స్టూడియో అడుగుతూనే ఉంటుంది, అటు వాళ్లు ఇటు వీళ్లు కూర్చుని తేల్చరు. ఆ పని ఎవరు చేస్తారో, ఏ నెలలోగా చేస్తారో కూడా ఆ కాగితంలోనే రాసుకోండి.